నల్ల హుడీ, రాత్రి కరెంటు

నల్లగొండ

తమ్మునికి,

హిప్-హాప్‌లోని నోయిర్ ధోరణి, అంటే పాటలో చీకటి, నేరం, ఒంటరితనం నింపే పద్ధతి మీద నీ వ్యాసం రెండుసార్లు చదివాను. శ్రద్ధగా రాశావు. అయితే మే నెల రాత్రి మన గడియారం సెంటర్లో నల్ల హుడీ తొడుక్కున్న కుర్రవాడు పొగమంచులోకి నడిచిపోయాడన్న వాక్యం దగ్గర నాకు చిరాకు పుట్టింది. అర్ధరాత్రి దాకా గోడలు సెగలు కక్కే ఊరికి పొగమంచును ఎక్కడి నుంచి తెచ్చావు?

హుడీ పని బట్టగా పుట్టింది. 1930లలో న్యూయార్క్ రాష్ట్రంలోని శీతల గిడ్డంగుల కూలీల కోసం ఛాంపియన్ సంస్థ దాన్ని తయారుచేసింది. తల, చెవులు చలికి బిగుసుకుపోకుండా టోపీని చొక్కాకే కుట్టేశారు. ఆ పాటల్లో నువ్వు మెచ్చుకున్న మసక శబ్దమూ అలా అవసరంలోంచే పుట్టింది. పాత రికార్డుల ముక్కలను ఎక్కించుకొని బీటుగా వాయించే ఎస్పీ-1200 యంత్రం 1987లో వచ్చింది; దానిలో పది సెకన్ల శబ్దమే పట్టేది కనుక, నిమిషానికి 33 చుట్లు తిరగాల్సిన రికార్డును 45 చుట్ల వేగంతో తిప్పి ఎక్కించుకొని, తరువాత యంత్రంలో వేగం తగ్గించి వాయించేవారు. ఆ సాగదీతలో పియానో గరగరలాడి, గదిలో దీపం తగ్గించినట్లయ్యేది. చోటు చాలక చేసిన ఉపాయాన్ని నువ్వు 'మూడ్' అని ఒక్క మాటలో తేల్చేశావు.

నా తొలి కథలో రైతు రాత్రి రెండు గంటలకు కరెంటొచ్చిందని "బాయి కాడికి పోయిండు". ఒక వారపత్రిక సంపాదకుడు దాన్ని "బావి వద్దకు వెళ్లాడు" అని దిద్ది అచ్చువేశాడు. నా కథలో చీకటి అక్కడితో తెల్లారిపోయింది. ఆ సంచిక ఇంకా అటక మీదే ఉంది. ఇంట్లో ఎవరినీ ముట్టనివ్వను.

ఇంత కోపంలోనూ నీకు జవాబు రాయడానికి కారణం, మూడో పేజీలో నువ్వు బ్రాకెట్లలో దాచిన వాక్యం: బాయి మోటారు స్టార్టర్ డబ్బా తెరిచేటప్పుడు మీ నాయన టార్చిలైటును పండ్ల నడుమ పట్టుకునేవాడని. తడి మడిలో కాళ్లు, తలకు చుట్టిన తువ్వాల, కింది నుంచి వెలుగు పడి సగమే కనిపించే ముఖం. న్యూయార్క్ వాళ్లకు హుడీ చేసిన పని ఇక్కడ ఆ తువ్వాల చేసింది. మీట నొక్కగానే వచ్చే టక్కుమన్న చప్పుడును, మోటారు ఎత్తుకునేటప్పటి గుర్రును ఫోన్లో పట్టి, నీ బీటు కింద పరిచి చూడు.

వ్యాసాన్ని ఆ బ్రాకెట్ల నుంచే మొదలుపెట్టి మళ్లీ పంపు. మోటారు ఐదు హార్స్ పవరా, ఏడున్నరా, అది కూడా రాయి.

మీ అన్న