ఆస్కార్‌తో మొదలుపెట్టకు

తమ్ముడూ,

కొరియన్ నటి యూన్ యోజంగ్ మీద నువ్వు రాసిన వ్యాసం చదివాను. మొదటి మూడు పేరాలూ ఆస్కార్‌కే పోయాయి. నటనకు ఆ అవార్డు అందుకున్న తొలి కొరియన్ ఆవిడే, కాదనను. కానీ 1966లో టీవీలో అడుగుపెట్టిన మనిషికి అది 2021లో, డెబ్బై మూడేళ్ల వయసులో వచ్చింది. నాలుగు వాక్యాలు చాలు, అవీ చివర్లో.

అసలు సరుకు రెండు పనిమనిషి పాత్రల్లో ఉంది. 1971లో కిమ్ కీ యంగ్ తన పాత 'ది హౌస్‌మెయిడ్' కథనే మార్చి 'ఉమన్ ఆఫ్ ఫైర్' తీశాడు. యూన్‌కి అదే మొదటి సినిమా. పల్లె నుంచి వచ్చి, కోళ్ల ఫారం ఉన్న ఇంట్లో పనికి కుదిరిన పిల్ల వేషం. 2010లో ఇమ్ సాంగ్ సూ అదే కథను మళ్లీ ఎత్తుకున్నప్పుడు ఆ పిల్ల వేషం జియోన్ దో యోన్‌ది. యూన్ ఆ ఇంట్లో ఏళ్లుగా పాతుకుపోయిన పెద్ద పనిమనిషి. చిన్నది నెల తప్పిందని ముందుగా పసిగట్టి, యజమానురాలి తల్లి చెవిన వేసేది ఈవిడే. రెండూ వెంటవెంటనే చూసి రాయి.

మధ్యలో ఖాళీ ఏళ్లను ఎగరగొట్టేశావు. పెళ్లి, అమెరికా, 1980ల్లో తిరిగి రాక, విడాకులు, ఇద్దరు కొడుకుల పెంపకం. విడాకులైన నటిని అప్పటి కొరియా చిన్నచూపు చూసేది. ఆవిడ దొరికిన చిన్న వేషమల్లా వేసింది, ఇల్లు గడవాలి కదా. మాజీ భర్త గురించి మాత్రం ఒక్క వాక్యం దాటకు, వ్యాసం ఆయనదైపోతుంది.

ఆవిడకి ఆస్కార్ తెచ్చిన 'మినారి'ని 2021 సినిమా అన్నావు. సన్‌డాన్స్ చిత్రోత్సవంలో వేసింది 2020 జనవరిలో. సినిమా ఏడాది, అవార్డు ఏడాది విడివిడిగా రాసిపెట్టుకో. వయసు కూడా 1947 జూన్ నుంచి నువ్వే లెక్కకట్టు. పాత కొరియన్ లెక్కలో ఒకటి రెండేళ్లు ఎక్కువొస్తాయి.

నటన 'అద్భుతం' అని మూడుచోట్ల రాశావు. ఏం చేసిందో రాయి. 'మినారి'లో ఆవిడ వేసిన అమ్మమ్మ, అమెరికాలో ఉన్న కూతురింటికి కొరియా నుంచి కారప్పొడి, ఎండు చేపలు మోసుకొస్తుంది, కూతురికి కళ్లనీళ్లు తిరుగుతాయి. (మన అమ్మమ్మల పెట్టెలు తెలిసినవాళ్లకి ఇది విడమరచక్కర్లేదు.) పేకాటలో బూతులాడే ఆ గడసరి నోరే పక్షవాతం వచ్చాక మాట కూడదీసుకోలేదు. ఈ తేడా పట్టుకో.

2016 నాటి 'ది బాకస్ లేడీ'ని ఉత్త పేరుగా వదిలేశావు. సియోల్‌లో ముసలివాళ్లు చేరే పార్కులో ఒళ్లమ్ముకుని బతికే అరవై దాటిన మనిషి పాత్ర అది. దానికో పూర్తి పేరా ఇవ్వు. ఆస్కార్‌లోంచి కోసేసిన చోటు సరిపోతుంది.