కాసిల్ హోవార్డ్ చూడబోయే ముందు

చిరంజీవి సౌమ్యకు పెద్దమామయ్య ఆశీస్సులు.

సెలవుల్లో లీడ్స్ నుంచి యార్క్‌షైర్‌లోని కాసిల్ హోవార్డ్ భవంతికి వెళ్తున్నావని మీ అమ్మ చెప్పింది. ఆర్కిటెక్చర్ చదివే పిల్లవి, తప్పకుండా చూడాల్సిన చోటు. ఒక్క మాట మాత్రం గట్టిగా చెబుతున్నాను: ఇంట్లోకి ఆఖర్న వెళ్లు. చాలామంది టికెట్ తీసుకోగానే లోపలికి పోతారు. బొమ్మలూ బల్లలూ చూసి కాళ్లు పీకాక తోటలో ఒక ఫొటో దిగి బస్సెక్కుతారు. బరోక్ (పదిహేడు, పద్దెనిమిదో శతాబ్దాల ఆడంబరపు కట్టడ శైలి) కాలపు భవంతిని అలా చూస్తే సగం కూడా చూసినట్టు కాదు. ఆ కాలంవాళ్లు దారిని, చెట్లని, నీటిని, కనుచూపు మేర గుట్టల్ని కూడా ఇంటితో కలిపే గీశారు.

కారు దొరికితే దక్షిణం నుంచి వచ్చే స్ట్రే అనే దారి పట్టు. గుట్టలెక్కుతూ దిగుతూ తిన్నగా మైళ్ల కొద్దీ సాగే బాట అది. హాక్స్‌మూర్ అనే వాస్తుశిల్పి కట్టిన కార్మైర్ గేటు, ఆ తర్వాత 1719 నాటి పిరమిడ్ గేటు, ఆపైన 1714లో నిలిపిన ఒబెలిస్కు (కొన తేలిన నిలువు రాతిస్తంభం) ఒకదాని వెనక ఒకటి వస్తాయి. ఇల్లు ఎదురుగా ఉంటుందని అనుకుంటాం. ఉండదు. ఒబెలిస్కు దగ్గర కుడివైపు తిరగాలి. అంతసేపు ఊరించి అప్పుడు చూపించడం ఈ ఇంటిని గీసిన వాన్‌బ్రా పనితనం. 1699లో ఇంటి యజమాని అయిన కార్లైల్ మూడో ఎర్ల్ (ప్రభువు) ఈ పని అప్పగించేనాటికి వాన్‌బ్రా సైన్యంలో పనిచేసినవాడు, నాటకాలు రాసినవాడు, అంతకుముందు ఒక్క ఇల్లూ కట్టలేదు. వాస్తుశిల్పి రెన్ దగ్గర పని నేర్చిన హాక్స్‌మూర్ తోడు లేకపోతే ఆ ఊహలు గోడలుగా లేచేవి కావని నా అభిప్రాయం.

తర్వాత దక్షిణపు తోటలోకి వెళ్లి ఇంటివైపు తిరిగి నిలబడు. అట్లాస్ ఫౌంటెన్ దగ్గర అందరూ ఆగుతారు. అది 1850 నాటిది, నెస్‌ఫీల్డ్ రూపకల్పన, బరోక్ కాదు, నోట్సులో కలిపేయకు. గుమ్మటానికి అటూ ఇటూ ఉన్న రెండు రెక్కలనూ పోల్చి చూడు. తూర్పుది వాన్‌బ్రాది. పడమటిది ఆయన పోయాక, 1750లలో, ఎర్ల్ అల్లుడు సర్ థామస్ రాబిన్సన్ ఇటలీ వాస్తుశిల్పి పల్లాడియోను అనుసరించే, ఆడంబరం తక్కువైన పల్లాడియన్ పద్ధతిలో కట్టించాడు. ఎత్తూ పొడవూ కిటికీల వరసా ఏవీ కలవవు. దాన్ని లోపమని కొట్టిపారేయకు. ఒక తరం అభిరుచి ఎక్కడ ముగిసి ఇంకొకటి ఎక్కడ మొదలైందో ఆ రాయి మీదే కనిపిస్తుంది. ఆ కలిసేచోటు పెన్సిల్‌తో గీయి, ఫోనుతో సరిపెట్టకు. ఉత్తరపు ముఖానికి సాదా తలలుండే డోరిక్ స్తంభరూపాలు, దక్షిణానికి ఆకుల చెక్కడం ఉండే కోరింథియన్ ఎందుకు పెట్టారో కూడా ఆలోచించు. రెండు ముఖాలూ ఒకేసారి కంటపడవు గనుక వాన్‌బ్రాకు అది అడ్డు కాలేదు.

అక్కణ్ణుంచి తూర్పుకు టెర్రస్ వాక్ అనే పచ్చిక బాట ఉంది. దీనిమీద మాత్రం నెమ్మదిగా నడు, అమ్మా. అక్కడ హెండర్‌స్కెల్ఫ్ అనే ఊరుండేది. భవంతి కోసం ఆ ఊరు తీసేశారు. దాని వీధి జాడలోనే ఈ బాట సాగుతుంది. శిల్పాల అందం చూస్తూనే ఆ సంగతి గుర్తుంచుకో, నీ వ్యాసంలో తప్పక రాయి. పక్కనున్న రే వుడ్ అనే అడవిలోకీ దిగు. అక్కడ తిన్నని బాటలు వేద్దామని తోటల రూపకర్త జార్జ్ లండన్ ప్రతిపాదించాడు. ఎర్ల్ ఒప్పుకోలేదు, వంకరటింకర దారులు వేయించాడు. ఆ తర్వాత ఇంగ్లండు తోటలు పోయిన దారికి ఇది తొలి అడుగుల్లో ఒకటి. ఇప్పుడున్న చెట్లు చాలావరకు ఇరవయ్యో శతాబ్దంలో మళ్లీ నాటినవి.

బాట చివర టెంపుల్ ఆఫ్ ద ఫోర్ విండ్స్ అనే చిన్న మందిరం. నాలుగు వైపులా మెట్లూ మండపాలూ. 1726లో వాన్‌బ్రా చనిపోయాక పూర్తయింది. ఆ మెట్ల మీదనుంచి దూరంగా సమాధి మందిరం కనిపిస్తుంది. గుండ్రంగా ఇరవై స్తంభాలు, మధ్య ఎడం బాగా తక్కువ. ఆ ఇరుకు శాస్త్రానికి విరుద్ధమని బర్లింగ్టన్ ప్రభువు ఆక్షేపించాడు. నాకైతే ఆ బరువంతా ఆ ఇరుకులోంచే వచ్చిందనిపిస్తుంది. హాక్స్‌మూర్ చేసిన వాటిలో నాకు అన్నిటికన్నా ఇష్టమైనది అదే.

ఇక లోపలికి పో. గ్రేట్ హాల్‌లో గుమ్మటం కింద నిలబడి తల పైకెత్తు. 1940 నవంబరు 9న ఇల్లు అంటుకుంది. అప్పుడక్కడ యుద్ధం వల్ల తరలివచ్చిన ఆడపిల్లల బడి ఉండేది. గుమ్మటం కూలిపోయింది, ఇటలీ చిత్రకారుడు పెల్లెగ్రిని దానిలో వేసిన చిత్రమూ పోయింది. 1960లలో అప్పటి యజమాని జార్జ్ హోవార్డ్ గుమ్మటాన్ని తిరిగి కట్టించాడు, బొమ్మ స్కాట్ మెడ్ మళ్లీ వేశాడు. మిగతా గదులకు ఒక గంట చాలు.

గట్టి బూట్లు వేసుకో, వానకోటు మర్చిపోకు, తిరుగు బస్సు వేళ ముందే చూసి పెట్టుకో. ఆ రెండు రెక్కలు కలిసేచోట నువ్వు గీసిన బొమ్మ నాకు పంపు, కొలతలు తప్పయినా సరే.

ఉంటాను,
పెద్దమామయ్య