పాత కార్టూన్లలో బొమ్మలు ఒక్క క్షణమూ కదలకుండా ఎందుకు ఉండవు?

పెళ్లి వీడియోలు ఎడిట్ చేయడం నా వృత్తి. పాట దెబ్బకు, అంటే బీట్‌కు, షాట్లు కత్తిరించడంతోనే నాకు రోజు గడుస్తుంది. అందుకే 1930 ప్రాంతపు కార్టూన్లలో బొమ్మలు, చివరికి చెట్లూ పుట్టలూ కూడా ఎందుకు ఊగుతుంటాయని మీరు అడగగానే జవాబు రాయాలనిపించింది.

వాటిలో తాళం ముందు, బొమ్మ తర్వాత. శబ్దం వచ్చాక సినిమా నడక సెకనుకు 24 ఫ్రేములుగా, అంటే 24 విడి బొమ్మలుగా, స్థిరపడింది. నిమిషానికి 120 దెబ్బల పాటయితే ప్రతి 12 ఫ్రేములకు ఒక దెబ్బ. ఇక అడుగు ఎక్కడ నేలను తాకాలో గీయకముందే తెలిసిపోతుంది. 1928 నవంబరులో న్యూయార్క్‌లో విడుదలైన ‘స్టీమ్‌బోట్ విల్లీ’కి డిస్నీ దగ్గర పనిచేసే విల్‌ఫ్రెడ్ జాక్సన్ మెట్రోనోమ్ (తాళం కొట్టే యంత్రం) పెట్టుకుని ఈ లెక్క కుదిర్చాడు. అందులో మేక సంగీతం కాగితాలు మేసేస్తుంది. మిక్కీ మౌస్ జోడీ మిన్నీ దాని తోక పట్టుకుని తిప్పితే నోట్లోంచి పాట వస్తుంది! మిక్కీ అయితే ఆవు పళ్లనే వాయించేస్తాడు.

ఇందులో పొదుపు కూడా ఉంది. ఒక దెబ్బకు సరిపడా గీసిన బొమ్మల వరసను ఎన్నిసార్లైనా తిప్పి తిప్పి ఫొటో తీసుకోవచ్చు.

మొదట 1929 నాటి ‘ది స్కెలిటన్ డాన్స్’ చూడండి. సంగీతం కార్ల్ స్టాలింగ్‌ది, బొమ్మల్లో ఎక్కువ భాగం అబ్ ఐవర్క్స్ గీశాడు. ఒక అస్థిపంజరం తొడ ఎముకలు పట్టుకుని ఇంకొకదాని ఒళ్లంతా జైలోఫోన్‌లా (కర్రలతో కొట్టి వాయించే పలకల వాద్యంలా) వాయిస్తుంది. నేను దీన్ని ఎడిటింగ్ టైమ్‌లైన్ మీద వేసి, శబ్దం పూర్తిగా తీసేసి చూశాను. అయినా నా కాలు తాళం వేస్తూనే ఉంది!

నాకు మాత్రం అన్నిటికన్నా ఇష్టమైనది ఫ్లైషర్ స్టూడియో వారి ‘మిన్నీ ది మూచర్’ (1932). మొదట గాయకుడు క్యాబ్ క్యాలోవే స్వయంగా కనిపిస్తాడు. తర్వాత గుహలో ఒక వాల్రస్ దయ్యం ఆడుతుంది. ఆ అడుగులు క్యాలోవేవే, అతని ఆటను తీసిన ఫిల్మ్ మీది నుంచి గీసుకున్నవి. ఆ ఒంటి ఊపు ఊహించి గీస్తే వచ్చేది కాదు.

వార్నర్ స్టూడియో వారు 1931లో మొదలుపెట్టిన ‘మెర్రీ మెలొడీస్’లో తొలినాటివి తీరిక ఉంటేనే చూడండి. సొంత పాటలకు ప్రచారం చేసుకోవడమే వాటి అసలు పని, కథ నామమాత్రం.

పిల్లలకు చూపించే ముందు మీరు ఒకసారి చూసుకోండి. నల్లజాతివారిని వెక్కిరించే బొమ్మలు ఆ కాలపు కార్టూన్లలో చాలా ఉన్నాయి. వార్నర్ వారి తొలి హీరో బోస్కో కూడా ఆ కోవలోవాడే. అవి మా ఇంట్లో పిల్లలకు పెట్టను.