నటన, ఎడిటింగ్ రెండూ ఇష్టమైతే?

ప్రశ్న: బీకాం ఆఖరి ఏడాది చదువుతున్నాను. స్నేహితుల షార్ట్‌ఫిల్మ్‌లలో నటిస్తాను, వాటిని ఎడిట్ చేసేదీ నేనే. ‘రెండు పడవల మీద కాళ్లు పెట్టొద్దు, ఏదో ఒకటి తేల్చుకో’ అంటున్నారు అమ్మానాన్న. రెండూ చేసినవాళ్లు ఉన్నారా?
– ఒక విద్యార్థిని, కాకినాడ

జవాబు: ఉన్నారు. ఫ్రాన్స్‌లో మార్గరీత్ రెన్వార్ గురించి తెలుసుకోండి. సినిమా చదువుకున్నవాళ్లలోనూ ఆమె పేరు విన్నవాళ్లు తక్కువే. దర్శకుడు జాన్ రెన్వార్ తీసిన ‘గ్రాండ్ ఇల్యూజన్’ (1937), ‘ద రూల్స్ ఆఫ్ ద గేమ్’ (1939) ఎడిటర్ ఆమే.

మీకు దగ్గరగా ఉండే ఉదాహరణ మాత్రం జాన్ రెన్వార్‌దే ‘ఎ డే ఇన్ ద కంట్రీ’. 1936 వేసవిలో వానల వల్ల షూటింగ్ మాటిమాటికీ ఆగి, చివరికి సగంలో నిలిచిపోయింది. అందులో సత్రంలో పనిమనిషిగా నటించింది మార్గరీతే. తర్వాత యుద్ధం వచ్చింది, దర్శకుడు అమెరికా వెళ్లిపోయాడు. ఆయన లేకుండానే ఆమె ఎడిటింగ్ పూర్తిచేసింది. తీయని సన్నివేశాల చోట రెండు టైటిల్ కార్డులు (తెరమీద అక్షరాల్లో చూపే వివరణ) పెట్టారు. 1946లో విడుదలైన ఆ 40 నిమిషాల సినిమా చూస్తే అసంపూర్తిగా ఉందని అనిపించదు. నది ఒడ్డున హీరోయిన్ ముఖం తెరనిండా కనిపించే షాట్ దగ్గర ఆగి, అది ఎంతసేపు ఉందో, ఎక్కడ తెగిందో గమనించండి. ఆ చూపు ఎప్పుడు పూర్తవుతుందో పట్టుకోవడమే ఎడిటర్ పని. కెమెరా ముందు నిలబడిన అనుభవం అక్కడ మీకు నిజంగా పనికొస్తుంది.

ఈ సినిమాలో వాడకుండా మిగిలిన టేకులను పారిస్‌లోని సినిమాల భాండాగారం సినిమాథెక్ ఫ్రాన్సేజ్ దాచింది. వాటిని కూర్చి 1994లో ఒక డాక్యుమెంటరీ చేశారు. అది దొరికితే తప్పకుండా చూడండి. ఒకే డైలాగుకు తీసిన టేకులు వరసగా కనిపిస్తాయి. మీరైతే ఏది ఉంచుతారో రాసుకుని, అసలు సినిమాతో పోల్చుకోండి.

ఇక మీ అమ్మానాన్నల టెన్షన్ సంగతి. నటనకు ఎవరో ఒకరు పిలవాలి. ఎడిటింగ్‌లో మాత్రం చేతిలో పనితనం ఉంటే పాత పరిచయాలే కొత్త సినిమాలు తెస్తాయి. జాన్ రెన్వార్ దగ్గర అసిస్టెంటుగా చేసిన జాక్ బెకెర్ తర్వాత దర్శకుడై, ‘కాస్క్ దోర్’ (1952), ‘ల త్రూ’ (1960) లాంటి తన ముఖ్యమైన సినిమాలకు మార్గరీత్‌నే పెట్టుకున్నాడు. అందుకే చదువు ఖర్చు ఎడిటింగ్ మీద పెట్టండి, నటన వదలకండి అంటాను. పుణె ఫిల్మ్ ఇన్‌స్టిట్యూట్, కోల్‌కతాలోని సత్యజిత్ రే ఇన్‌స్టిట్యూట్ రెండింటిలోనూ డిగ్రీ తర్వాత ఎడిటింగ్‌లో మూడేళ్ల కోర్సు ఉంది. ఎంట్రన్స్ వివరాలు ఈ ఏడాది నోటిఫికేషన్‌లోనే సరిచూసుకోండి. పారిస్‌లోని ఫిల్మ్ స్కూల్ లా ఫెమిస్ మీద మనసుంటే ముందు ఫ్రెంచ్ గట్టిగా నేర్చుకోవాలి.

ఇంకొక్కటి, ఇది నాకు చాలా ముఖ్యం. మార్గరీత్ అసలు ఇంటిపేరు ఊలే. రెన్వార్‌తో కలిసి బతికింది కానీ పెళ్లి కాలేదు, అయినా సినిమాల్లో ఆయన పేరుతోనే మిగిలింది. మీరు స్నేహితుల సినిమా ఎడిట్ చేసినా టైటిల్స్‌లో మీ పేరు ఎలా పడాలో పని మొదలుపెట్టకముందే మెసేజ్‌లోనైనా రాయించుకోండి. నటనకు ఒకటి, ఎడిటింగ్‌కు ఒకటి చొప్పున రెండు షోరీల్స్ (మీ పనిలో మంచి ముక్కలు కూర్చిన చిన్న వీడియోలు) విడివిడిగా ఇప్పటినుంచే సిద్ధం చేసుకోండి.