కుప్పకు నిప్పుపెట్టి అన్నానికి వెళ్లారు, పక్క చేను కాలింది

ప్రశ్న: మాది నాందేడ్ జిల్లా ధర్మాబాద్ తాలూకా. 2025 ఫిబ్రవరి 20న చేనులో పత్తి కట్టె, గట్టు మీద కొట్టిన తుమ్మ కంప కుప్పేసి మధ్యాహ్నం నిప్పుపెట్టాను. మంట తగ్గాక అన్నానికి ఇంటికి వచ్చాను. ఇంతలో గాలి లేచి పక్క చేనులో శనగ కుప్ప, డ్రిప్ పైపులు కాలిపోయాయి. ఆయన నాకు అన్నలాంటివాడు, ముప్పై ఏళ్ల స్నేహం. ఇప్పుడు మూడు లక్షలు ఇమ్మంటున్నాడు. నాకేమో బిడ్డ పెళ్లి ఉంది, టెన్షన్‌తో నిద్ర పట్టట్లేదు. తలాఠీ (ఊరి రెవెన్యూ అధికారి) వచ్చి పంచనామా రాశాడు. మరాఠీలో ఉంటే చదవకుండానే సంతకం పెట్టాను. పోలీసు ఫిర్యాదు ఇంకా లేదు. ఆరు నెలలు దాటాయి కాబట్టి కేసు చెల్లదని ఒకాయన అంటున్నాడు. షార్ట్ సర్క్యూట్ అని రాసిస్తే కరెంటు కంపెనీయే డబ్బు ఇస్తుందని ఇంకొకాయన అంటున్నాడు. ఏం చేయాలి?

జవాబు: స్నేహం సంగతి, పెళ్లి సంగతి పక్కన పెడదాం. మీ ఉత్తరంలో కేసును తేల్చే మాట ఒక్కటే: "మంట తగ్గాక ఇంటికి వచ్చాను." మీ చేనులో మీరు కట్టె కాల్చడం దగ్గర కేసు తేలదు. గులాబీ పురుగు మళ్లీ రాకుండా పత్తి కట్టె చేనులో ఉంచొద్దని వ్యవసాయ శాఖవాళ్లే చెప్తారు. కుప్ప పూర్తిగా చల్లారేదాకా దగ్గర ఎవరున్నారు అన్నదే జడ్జి అడిగే ప్రశ్న. దానికి మీ దగ్గర జవాబు లేదు. గాలి మీదికి నెడదామంటే కుదరదు. ఫిబ్రవరి చివర మధ్యాహ్నం పూట గాలి లేస్తుందని సేద్యం చేసే ప్రతి మనిషికీ తెలుసు.

తుమ్మ మొద్దు పైకి బూడిదలా కనిపించినా లోపల నిప్పు రాత్రంతా ఉంటుంది. జాగ్రత్తగల రైతు కుప్ప చుట్టూ ట్రాక్టర్‌తో నాలుగు సాళ్లు దున్ని పచ్చి మట్టి తేలుస్తాడు. కరెంటు తీగల కింద, గడ్డివాము పక్కన కుప్ప వెయ్యడు. కట్టెంతా ఒక్కసారే అంటించకుండా చిన్న కుప్ప పెట్టి కొంచెం కొంచెంగా వేస్తాడు. నీళ్ల డ్రమ్ము, పురుగుమందు కొట్టే పంపు నింపి పక్కన పెట్టుకుంటాడు. గాలి లేని పూట చూసుకుని, పక్క చేనువాళ్లకు ముందే ఒక మెసేజ్ పెడతాడు. చివర్లో నీళ్లు పోసి, పారతో తిరగేసి, చెయ్యి దగ్గర పెడితే వేడి తగలదని చూసుకున్నాకే ఇంటిదారి పడతాడు. ఇవన్నీ చేసి ఉంటే ఆ మెసేజ్, ఆ సాళ్ల ఫోటో ఈరోజు మీ తరఫు సాక్ష్యాలయ్యేవి. కట్టెను ముక్కలు చేసే ష్రెడ్డర్ యంత్రం అద్దెకు తెచ్చి, ఆ ముక్కల్ని చేనులోనే కలిపేసి ఉంటే ఈ ఉత్తరమే ఉండేది కాదు.

ఇక గడువు. ఆరు నెలల మాట సగం తెలిసినవాళ్లది. జరిమానా మాత్రమే పడే నేరాలకు ఆ గడువు. నిప్పు విషయంలో నిర్లక్ష్యం భారతీయ న్యాయ సంహిత 287 సెక్షన్ కిందికి వస్తుంది. ఆరు నెలల దాకా జైలు, లేదా రెండు వేల దాకా జరిమానా, లేదా రెండూ. అలాంటి నేరానికి భారతీయ నాగరిక్ సురక్షా సంహిత 514 ప్రకారం గడువు ఏడాది. అంటే 2026 ఫిబ్రవరి దాకా ఆయనకు స్టేషన్ దారి తెరిచే ఉంది. నష్టపరిహారానికి సివిల్ దావా వేయడానికి మూడేళ్లు, 2028 ఫిబ్రవరి దాకా. గడువు కోసం కాచుకుని కూర్చుంటే పోయేది మీ పరువే.

షార్ట్ సర్క్యూట్ సలహా ఇచ్చినాయన గడప మళ్లీ తొక్కకండి. వ్యవసాయ ఫీడర్‌కు, అంటే సబ్‌స్టేషన్ నుంచి చేలకు వచ్చే లైనుకు, రోజంతా కరెంటు ఉండదని మీకూ తెలుసు. ఆ మధ్యాహ్నం మీ లైనులో కరెంటు ఉందా, ఫీడర్ ట్రిప్ అయిందా అన్నది సబ్‌స్టేషన్ లాగ్‌బుక్ చెప్తుంది. కరెంటే లేని టైములో షార్ట్ సర్క్యూట్ అని సంతకం పెట్టారో, రెండు వేల జరిమానాతో పోయే వ్యవహారం న్యాయ సంహిత 318(4) కింద మోసం కేసుగా మారుతుంది. దానికి ఏడేళ్ల దాకా జైలు. మీరొక్కరే కాదు, అన్నలాంటాయన కూడా అందులో ముద్దాయి అవుతాడు.

చదవని కాగితం మీద సంతకం పెట్టడమేమిటండీ? ఇంట్లో బడికెళ్లే పిల్లలు మరాఠీ చదువుతారు కదా, ఒకసారి చదివించుకోవాల్సింది. రేపే తహసీల్ కచేరీలో పంచనామా నకలుకు దరఖాస్తు పెట్టండి. అందులో చూడాల్సింది అంకెలు: శనగ ఎన్ని క్వింటాళ్లని రాశారు, పైపు ఎన్ని మీటర్లు కాలిందని రాశారు. శనగ ఎంత ఉందో నిరూపించాల్సింది ఆయనే. ఆయన సాత్‌బారాలో (7/12 భూమి పత్రం), ఈ-పీక్ పాహణీలో (ఆన్‌లైన్ పంట నమోదు) శనగ ఎన్ని గుంటల్లో ఎక్కిందో చూస్తే అంత విస్తీర్ణంలో అంత పంట వస్తుందా రాదా తేలిపోతుంది. డ్రిప్ బిల్లు అడగండి. ఆరేడేళ్లు ఎండలో పడి ఉన్న పైపుకు కొత్త ధర కట్టాల్సిన పని లేదు. ఆయన ఫోన్‌లో తీసిన ఫోటోలు కోర్టుకు వెళ్లాలంటే సాక్ష్య అధినియం 63 సెక్షన్ సర్టిఫికెట్ కావాలి. ఆ లోపం పట్టుకుని గెలుస్తానని మాత్రం అనుకోకండి, సర్టిఫికెట్ ఎవరైనా తెచ్చుకోగలరు.

ఈ లెక్క వేస్తే మూడు లక్షలు దిగొచ్చే అవకాశం ఉంది. వచ్చిన మొత్తానికి రాజీ చేసుకోండి. అందులో "కేసు పెట్టనన్నందుకు ఈ డబ్బు" అని మాత్రం రాయించకండి. శిక్ష తప్పించడానికి డబ్బు అనే ఒప్పందం కాంట్రాక్ట్ చట్టం 23 సెక్షన్ కింద చెల్లదు. "20.02.2025 నాటి అగ్ని నష్టానికి పూర్తి పరిహారం ముట్టింది, ఇక బాకీ లేదు" అని ఉండాలి. డబ్బు బ్యాంకు ద్వారానే పంపండి. పోలీస్ పాటిల్ (ఊళ్లో పోలీసులకు సాయపడే గ్రామాధికారి), ఇంకొకరు సాక్షి సంతకాలు చేయాలి. వాయిదాలు పెట్టుకుంటే తేదీలు రాయండి, ఆ కాగితం మీద కొత్త దావాకు కొత్త గడువు మొదలవుతుందని గుర్తుపెట్టుకోండి. ఎఫ్.ఐ.ఆర్. పడకముందే ఇది పూర్తికావాలి. 287 కేసు రాజీతో స్టేషన్‌లోనో కింది కోర్టులోనో ముగిసేది కాదు. కొట్టేయించుకోవాలంటే హైకోర్టు ఔరంగాబాద్ బెంచ్ దాకా వెళ్లాలి, వకీలు ఖర్చు వేరే.