కాలాంతర సంస్కారం: ఒక యువ రచయితకు లేఖ

తిరుపతి

నాయనా,

నీ కథ అందింది. రెండుసార్లు చదివాను. తల్లిని వెతుక్కుంటూ ఒక కాలరేఖ నుంచి ఇంకో కాలరేఖకు దాటే ఆ పిల్ల నాకు నిండా నచ్చింది. 1960లో తిరుత్తణి మన చిత్తూరు జిల్లా నుంచి మద్రాసు రాష్ట్రానికి పోకుండా ఉండిపోయిన లోకం ఒకటి ఊహించావు చూడు, అక్కడ ఆ తల్లి తెలుగు బడిలో చదువుకుందన్న ఒక్క వాక్యం దగ్గర చాలాసేపు ఆగిపోయాను. అందుకే కథను కదిలించమని చెప్పను. అందులో నువ్వు కల్పించిన అంకె గురించే ఈ ఉత్తరం.

నీ స్థిరాంకం 4.27. మూడో పేజీలో అది రెండు లోకాల మధ్య దూరం. ఎనిమిదో పేజీలో పరికరం ముల్లు ఆగే చోటు. పదకొండో పేజీకి వచ్చేసరికి, ఆ పిల్ల ఏ సంవత్సరంలో దిగిందో కూడా అదే చెప్పేస్తుంది. ఇంతకీ 4.27 ఏమిటి? మూరలా, గంటలా, మైళ్లా? కొలమానం లేదు కాబట్టి నీకు ఇరుకైన ప్రతిచోటా అది తలుపు తీస్తోంది. ఆ పిల్ల ఎక్కడా చిక్కుకోదు. చిక్కుకోని మనిషి కోసం నేనెందుకు బెంగపడాలి?

ఈ తప్పు నేనూ చేశాను. ముప్పై ఏళ్ల కిందట ఒక వారపత్రికకు సీరియల్ రాస్తూ, ఐదో వారం ఇచ్చిన విలువను పన్నెండో వారంలో కథ కోసం మార్చేశాను. రైల్వేలో పనిచేసి రిటైరైన ఒక పాఠకుడు పోస్టుకార్డు మీద సన్నటి అక్షరాలతో వారం వారం లెక్క వేసి, రెండిట్లో ఏది నమ్మాలో చెప్పండని అడిగాడు. జవాబు రాయలేకపోయాను. ఆ కార్డు ఇప్పటికీ నా బల్ల సొరుగులో ఉంది.

నీకు కావలసింది మన పంచాంగంలోనే ఉంది. దేశాంతర సంస్కారం అంటారు, ఊరి రేఖాంశాన్ని బట్టి సమయాన్ని సరిచేసుకోవడం, వినే ఉంటావు. మన దేశపు గడియారం 82.5 డిగ్రీల రేఖాంశం మీద నడుస్తుంది. తిరుపతి సుమారు 79.4 దగ్గర ఉంది. డిగ్రీకి నాలుగు నిమిషాల చొప్పున మన ఊరి సూర్యుడు గడియారం కంటే సగటున పన్నెండు నిమిషాలు వెనక. అంతే లెక్క. కొలమానం ఉంది, ఎక్కణ్ణుంచి లెక్కపెట్టాలో ఉంది. అయనాంశ చూడు, విషువత్తు నుంచి లెక్కపెట్టే రాశిచక్రానికీ నక్షత్రాల నుంచి లెక్కపెట్టే రాశిచక్రానికీ మధ్య తేడా అది. ఏడాదికి సుమారు 50 వికలలు జరుగుతూ పోతుంది. డిగ్రీలో అరవయ్యో వంతు కళ, కళలో అరవయ్యో వంతు వికల. క్యాలెండర్ సంస్కరణ సంఘం 1956 మార్చి 21కి 23 డిగ్రీల 15 కళలు అని ఒకచోట మేకు కొట్టింది. ఆ మేకు లేకపోతే ఎంత జరుగుతుందో తెలిసీ లాభం లేదు. కాంతివేగం విషయంలోనూ ఇంతే. 1983లో సెకనుకు 29,97,92,458 మీటర్లని దాన్ని బిగించేశారు, అప్పట్నుంచి మీటరే దానికి లోబడింది.

నీ అంకెకు కాలాంతర సంస్కారం అని పేరు పెట్టి చూడు. రెండు లోకాలు విడిపోయిన ప్రతి ఏడాదికీ 4.27 విఘడియల తేడా అనుకో. విఘడియ అంటే 24 సెకన్లు. నీ కథ జరిగేది 2025లో. తిరుత్తణి విడిపోయి 65 ఏళ్లు, అంటే 277 విఘడియల పైచిలుకు, గంటా యాభై ఒక్క నిమిషాలు. ఇక్కడ ఆ పిల్ల సాయంత్రం ఐదింటికి దాటితే అక్కడ ఏడు కావస్తోంది. తల్లి అప్పటికే దీపం పెట్టేసి ఉంటుంది. నువ్వు రాసినట్టు వాకిట్లో కూర్చుని పూలు కట్టే వేళ దాటిపోయింది. నాయనా, నీ కథ అక్కడ మలుపు తిరగాలి. ఆ గంటా యాభై ఒక్క నిమిషాలు ఆమెకు ఎన్నటికీ దొరకవు.

ఇంకా వెనక్కి పోయి చూశాను, ఆగలేక. 1639లో చంద్రగిరి రాజుల ఏలుబడిలోని నాయకుడు ఈస్టిండియా కంపెనీకి సముద్రపు ఒడ్డున ఆ చోటు ఇవ్వకుండా ఉంటే, మద్రాసే లేని లోకం. 386 ఏళ్లకు తేడా పదకొండు గంటలు. ఇక్కడ తెల్లవారి ఆరైతే అక్కడ సాయంత్రం ఐదు. ఒక్క అంకె నుంచి ఎంత వచ్చిందో చూడు.

అన్నిటికంటే ముఖ్యమైనది ఇది. అరవై విఘడియలు ఒక ఘడియ, అరవై ఘడియలు నిండితే రోజు మళ్లీ మొదటికి వస్తుంది. 4.27 చొప్పున అందుకు 843 ఏళ్లు పడుతుంది. అంటే 1182 ప్రాంతంలో విడిపోయిన లోకంలోకి ఆమె వెళితే గడియారాలు రెండూ కలుస్తాయి. పరికరం సొంత ఇంటికే వచ్చావని చెబుతుంది. ఆమె నమ్ముతుంది. తలుపు కొడుతుంది. ఆ ఇంట్లో ఎవరుంటారో నువ్వు రాయి. స్థిరాంకం తప్పే ఆ చోటును దాచకు, విలువను మార్చి తప్పించుకోకు.

దాటే చోటు బస్టాండు అని పెట్టావు. మన ఘాట్ రోడ్డులో కొండ కోసిన చోట, కింద గ్రానైటు, దాని మీద పొరలు పొరలుగా క్వార్ట్‌జైటు కనిపిస్తుంది. ఆ రెండు రాళ్లూ కలిసే గీత దగ్గర దాదాపు 80 కోట్ల ఏళ్ల కాలానికి రాయే లేదు. దాన్ని జాతీయ భూగర్భ స్మారకంగా గుర్తించి బోర్డు కూడా పెట్టారు. నేను అక్కడ దిగి చెయ్యి పెట్టి చూశాను. బొటనవేలు ఒక కాలం మీద, చూపుడువేలు ఇంకో కాలం మీద ఆనాయి. బస్టాండు వద్దు, ఆ పిల్లను అక్కడ నిలబెట్టు.

నీ కథ రాతప్రతి తిరిగి పంపుతున్నాను. పదకొండో పేజీలో ఆమె చేతిగడియారం చూసుకునే చోట పెన్సిలుతో గీత పెట్టాను. ఆ గడియారం ఏ లోకంలో కొన్నదో నువ్వు చెప్పలేదు. అది తేల్చి, మళ్లీ పంపు.

ఆశీస్సులతో,
మీ సార్