టీఏలో ఉండాలా, మానాలా: మేనల్లుడికి ఒక ఉత్తరం

చిరంజీవి అల్లుడికి,

ఆశీస్సులు. క్యాంపు నుంచి వచ్చిన దగ్గర్నుంచీ ముభావంగా ఉంటున్నావనీ, టెరిటోరియల్ ఆర్మీ (టీఏ), అంటే మామూలు ఉద్యోగం చేసుకుంటూనే పిలిచినప్పుడు సైన్యంలో పనిచేసే ఈ కొలువు, మానేస్తానంటున్నావనీ అక్కయ్య ఫోన్లో చెప్పింది. మానొద్దని చెప్పడానికి రాయడం లేదు. నా సర్వీసులో మానినవాళ్ళను చాలామందిని చూశాను. కొందరు ఆలోచించుకునే మానారు, వాళ్ళు ఇవాళ్టికీ సుఖంగా ఉన్నారు. మరికొందరు కోపం చల్లారకముందే కాగితం మీద సంతకం పెట్టేశారు.

బయటివాళ్ళు అనుకునేట్టు భయపడి మానేవాడు మన దగ్గర దాదాపు కనపడడు. కాశ్మీరులో రాత్రంతా కాపలా కాసి వచ్చినవాడు మళ్ళీ పిలిస్తే వెళ్తానంటాడు. అదే మనిషిని రెండు నెలల ట్రైనింగుకు పిలిచి, గడ్డి పీకించి, పూటకోసారి వరసలో నిలబెట్టి తలలు లెక్కపెట్టి, మిగతా పొద్దంతా బ్యారక్ ముందు కూర్చోబెట్టి చూడు. ఇంటికి రాగానే రాజీనామా మాట ఎత్తుతాడు. రెగ్యులర్ సిపాయికి పని లేని రోజు విశ్రాంతి. షాపు మూసుకునో, కంపెనీలో మాట పడో వచ్చిన మనకు అది నష్టం. నీ బాధ ఇదే అయితే తొందరపడకు. రెండు మూడేళ్ళకు సీఓ (కమాండింగ్ ఆఫీసర్) మారతాడు, సీఓ మారితే క్యాంపు మారుతుంది. ఒక్క సీఓ చేతిలో ఫైరింగూ మ్యాప్ రీడింగూ మళ్ళీ ఊపందుకుంటే, మానేస్తానన్న వాళ్ళే ఎక్స్‌టెన్షన్ అడగడం చూశాను.

అసలు చిక్కు ఎంబాడీమెంట్ దగ్గర, అంటే యూనిట్‌ను పూర్తికాలం డ్యూటీకి పిలవడం దగ్గరుంది. ఎంబాడీ అయినంతకాలం రెగ్యులర్ వాళ్ళతో సమానంగా జీతం, అలవెన్సులు. డిస్ఎంబాడీ చేసి ఇంటికి పంపిన రోజు నుంచి ఏమీ లేదు. 2025 మే నెలలో వచ్చిన ఉత్తర్వు చూశావుగా, 32 ఇన్‌ఫాంట్రీ బెటాలియన్లలో 14 బెటాలియన్లను ఎంబాడీ చెయ్యడానికి అనుమతి ఇచ్చారు. ఆ గడువు 2028 ఫిబ్రవరి 9 దాకా. దాంట్లోనే, బడ్జెట్లో నిధులుంటేనే చెయ్యాలని కూడా రాశారు. అంటే నీ ఇంటి ఖర్చు ఢిల్లీ లెక్కల మీద ఆధారపడి ఉంటుంది. కొత్త ఉద్యోగంలో కుదురుకునే సరికి పిలుపు వస్తుంది, పిలుపుకు అలవాటు పడేసరికి ఇంటికి పొమ్మంటారు. మంచి సిపాయిలు ఎక్కువగా పోయేది ఇక్కడే. వాళ్ళను నేను తప్పు పట్టను.

టీఏలోనే ఉన్న రైల్వే, ఆయిల్ యూనిట్ల వాళ్ళతో పోల్చుకోకు. వాళ్ళకు వెనక డిపార్ట్‌మెంట్ ఉద్యోగం ఉంటుంది. 1982 నుంచీ ముస్సోరీ కొండల మీద మొక్కలు నాటుతూ వచ్చిన ఎకలాజికల్ బెటాలియన్ లాంటివాటిలో ఉన్నది చాలావరకు మాజీ సైనికులు, పాత పింఛను చేతిలో ఉన్నవాళ్ళు. నీ లెక్క వేరు.

పింఛను సంగతి మరీ గట్టిగా చెబుతున్నా, ఎందుకంటే చేరేటప్పుడు ఇది ఎవడూ అడగడు. జవాన్లకూ జేసీఓలకూ (జూనియర్ కమిషన్డ్ ఆఫీసర్లకూ) 15 ఏళ్ళు, ఆఫీసర్లకు 20 ఏళ్ళు కావాలి. పేరు రోల్లో ఉన్న కాలం లెక్కలోకి రాదు, ఎంబాడీ అయి గడిపిన కాలమే లెక్క. ఏటా రెండు నెలల ట్రైనింగు కూడబెట్టి పింఛను తెచ్చుకోవాలంటే తొంభై ఏళ్ళు బతకడం కాదురా, తొంభై ఏళ్ళు సర్వీసు చెయ్యాలి! గ్రాట్యుటీకి మాత్రం ఎంబాడీ అయిన కాలాలన్నీ కలిపి ఐదేళ్ళు చాలు. నీది ఐదేళ్ళకు దగ్గర్లో ఉంటే ఇప్పుడు మానడం తెలివితక్కువ పని. దెబ్బ తగిలితే దిక్కేమిటని కూడా అడిగావట. ఎకలాజికల్ యూనిట్లో కాలు పోగొట్టుకున్న ఒక సిపాయికి వైకల్య పింఛను ఇవ్వాల్సిందేనని 2021 డిసెంబరులో సుప్రీంకోర్టు తీర్పు చెప్పింది, అది గుర్తుంచుకో.

కంపెనీ విషయం. ప్రభుత్వం పిలిస్తే వెళ్ళినవాణ్ణి తిరిగి ఉద్యోగంలోకి తీసుకోవాలని 1948 నాటి టీఏ చట్టంలోనే ఉంది. కానీ నువ్వు లేనప్పుడు నీ జూనియర్‌కు వచ్చిన ప్రమోషన్ నీకూ దక్కుతుందన్న నమ్మకం పెట్టుకోకు. క్యాంపు తేదీలు తెలిసిన రోజే మేనేజర్‌కు రాతపూర్వకంగా చెప్పు. ఆఖరి వారంలో మూవ్‌మెంట్ ఆర్డర్ చూపిస్తే ఎంత దేశభక్తి ఉన్నవాడికైనా ఒళ్ళు మండుతుంది.

ఉండిపోయేవాళ్ళు ఎందుకు ఉంటారంటే, సెక్షన్లో పక్కనున్న పదిమంది కోసమే ఎక్కువ. యూనిఫాం ఫోటో కోసం, ధోనీని చూసి చేరినవాళ్ళూ ఉన్నారు, తప్పేం లేదు. ఆ మోజు మొదటి బిడ్డ పుట్టేదాకానే.

ఇక అమ్మాయిని, అదే మీ ఆవిడను, అడుగు. అక్కయ్య ముందు అడగకు, విడిగా అడుగు. "నేను టీఏలో ఉండనా" అంటే "మీ ఇష్టం" అంటుంది, ఆ జవాబు పనికిరాదు. కిందటిసారి నువ్వు లేనప్పుడు ఏది గడవలేదో అడుగు. బిడ్డకు జ్వరమొస్తే తోడు లేకపోవడమా, డబ్బు అందకపోవడమా? మొదటిదైతే మీ అమ్మ దగ్గరో పుట్టింట్లోనో ఏర్పాటు చెయ్యొచ్చు. నువ్వు లేని ఇల్లే తనకు వద్దంటే మాత్రం మానెయ్. నేనే దగ్గరుండి అప్లికేషన్ రాయిస్తాను.

ఏదైనా సరే, ముందు యూనిట్ ఆఫీసులో నీ ఎంబాడీడ్ సర్వీసు ఎంతయిందో రాతలో తీసుకో. ప్రతి ఎంబాడీమెంటుకూ పార్ట్ టూ ఆర్డర్, అంటే సర్వీసు రికార్డుకెక్కే యూనిట్ ఉత్తర్వు, పడిందో లేదో సరిచూడు. పడకపోతే ఆ కాలం తర్వాత నిరూపించుకోలేక తిరగాలి. మానదలిస్తే కిట్ అప్పజెప్పి, నో డ్యూస్ తీసుకుని, డిశ్చార్జి కాగితం చేతికొచ్చాకే బయటికి రా. కొంతమందిలా క్యాంపుకు రాకుండా ఊరుకోకు, కారణం లేకుండా ట్రైనింగుకు ఎగ్గొట్టడం చట్టప్రకారం నేరం. ఆ కాగితాలు పట్టుకుని వీలైన ఆదివారం రా, కూర్చుని చూద్దాం. అమ్మాయినీ తీసుకురమ్మని అత్తయ్య చెప్పమంది.

ఇట్లు,
నీ మామయ్య